రెండేళ్ళకీ బూడిద రంగు బెల్టేనా? జియు-జిట్సు నేర్పే తీరు

జూలై, ఆగస్టు నెలల్లో అబుదాబి బళ్ళకి సెలవులు. ఆ రోజుల్లో ఉయ్యూరు, గుడివాడ, మచిలీపట్నం ఇళ్ళల్లో గల్ఫ్ పిల్లల సందడి మొదలవుతుంది. చాక్లెట్లు పంచడం అయిపోయాక పిల్లల మధ్య పోటీలొస్తాయి. ఇక్కడ కరాటే క్లాసుకి వెళ్ళే కుర్రాడు ఏడాదిన్నరలో సంపాదించిన నాలుగు బెల్టులూ తీసి మంచం మీద పరుస్తాడు. అక్కడినుంచి వచ్చిన అబ్బాయి రెండేళ్ళుగా క్లబ్బులో జియు-జిట్సు నేర్చుకుంటున్నాడు. వాడి దగ్గర ఉన్నది ఒకటే, బూడిద రంగుది. నానీ ఇంట్లో అందరూ నవ్వుతారు. మామూ అయితే అడిగేస్తాడు కూడా: "ఆపా, అక్కడ ఫీజులు లాగేసి సరిగా నేర్పట్లేదేమో, కనుక్కున్నావా?"

కనుక్కోవాల్సిందే. పిల్లల చేతులు, మెడలు, మోకాళ్ళు పెట్టి నేర్చుకునే విద్య ఇది. ఎలా నేర్పుతున్నారో తెలుసుకోకుండా బెల్టు రంగు చూసి తృప్తి పడితే నష్టపోయేది పిల్లలే.

పేరులో బ్రెజిల్, పుట్టింది జపాన్

బ్రెజిలియన్ జియు-జిట్సు అంటారు గానీ దీని మూలం జపాన్. 1882లో టోక్యోలో జిగోరో కానో అనే ఉపాధ్యాయుడు కోడోకన్ అనే బడి తెరిచాడు. పాత జుజుత్సు పట్లను ఏరి కూర్చి, వాటికి జూడో అని పేరు పెట్టాడు. ఆయన తెచ్చిన పెద్ద మార్పు నేర్పే విధానంలో ఉంది. పాత విద్యలో ఎముకలు విరిచేవి, ప్రాణం మీదికి తెచ్చేవి చాలానే ఉండేవి. వాటిని తోటి విద్యార్థి మీద పూర్తి బలంతో చేయలేరు కదా. అందుకని ముందే అనుకున్న వరుసలో, ఎదుటివాడు సహకరిస్తుండగా చేసేవారు. కానో అలాంటివాటిని రోజువారీ పెనుగులాట నుంచి తప్పించాడు. మిగిలినవాటిని ఎదుటివాడు ఒప్పుకోకుండా ఎదురు తిరుగుతుంటే, బలంకొద్దీ సాధన చేయించాడు. జపాన్ భాషలో ఆ సాధన పేరు రాన్‌డోరి.

తమాషా ఏమిటంటే, ప్రమాదకరమైన పట్లు తీసేశాక ఆ బడి పిల్లలు ఇంకా గట్టిపడ్డారు. గాల్లో వంద భయంకరమైన దెబ్బలు నేర్చుకున్నవాడికంటే, పది మామూలు పట్లను రోజూ నిజం మనిషి మీద ప్రయత్నించినవాడు పోటీలో నిలబడతాడు. జియు-జిట్సు బోధనంతా ఈ ఒక్క సూత్రం మీదే నడుస్తుంది. బెల్టు ఆలస్యం కావడానికి కారణం కూడా ఇదే.

కోడోకన్‌లో తయారైన మిత్సుయో మాయెదా 1914లో బ్రెజిల్ చేరాడు. బెలెం పట్టణంలో ఆయన దగ్గర నేర్చుకున్న కార్లోస్ గ్రేసీ, అతని తమ్ముడు ఎలియో కలిసి ఆ విద్యను నేల మీది పోరాటం వైపు తిప్పారు. అక్కడినుంచి అది అమెరికాకి, అమెరికాలో చదువుకున్న షేక్ తహ్నూన్ బిన్ జాయెద్ చేతుల మీదుగా అబుదాబికి చేరింది. అబుదాబి కంబాట్ క్లబ్ పేరుతో 1998లో మొదలైన పోటీ ఈ రంగంలో ఇప్పటికీ పెద్ద పేరున్నది. తర్వాత పదేళ్ళకి అబుదాబి ప్రభుత్వ బళ్ళలోకే దీన్ని పాఠంగా తెచ్చారు. 2018 జకార్తా ఆసియా క్రీడల్లో తొలిసారి చోటు దక్కింది. ఒలింపిక్స్‌లో మాత్రం ఇంకా లేదు.

వీపు నేలకి ఆనాక మొదలయ్యే ఆట

కుస్తీ మనకి కొత్త కాదు. గరిడీ, తాలింఖానా, ఉస్తాద్, షాగిర్ద్, దండ్, బైఠక్, జోర్ అన్న మాటలు పెద్దవాళ్ళ నోట ఇప్పటికీ వినిపిస్తాయి. కుస్తీలో రెండు భుజాలూ నేలకి ఆనితే ఆట ముగిసినట్టే. అందుకే 1910లో లండన్‌లో గామా పహిల్వాన్‌కి చిక్కిన పోలెండ్ మల్లుడు జిబిష్కో, రెండున్నర గంటలకు పైగా నేలని కరుచుకుని బోర్లా పడే ఉన్నాడు. వీపు తగలనివ్వకూడదన్నదే అతని పట్టుదల. ఆ పోటీ ఫలితం తేలలేదు. 1928లో పాటియాలాలో మళ్ళీ తలపడితే గామా నిమిషం తిరగకుండానే పడగొట్టాడు.

జియు-జిట్సులో వీపు నేలకి ఆనితే ఓడినట్టు కాదు. కింద పడుకున్నవాడు తన రెండు కాళ్ళనూ పైవాడికి అడ్డంగా పెట్టి, నడుముని కాళ్ళతో బంధించి, చేతులు లాగి, అక్కడినుంచే తిప్పి పడేస్తాడు, లేదా చేతిని గానీ మెడని గానీ పట్టులో బిగిస్తాడు. దీన్ని గార్డ్ అంటారు. పైవాడి పని ఆ కాళ్ళని దాటి రావడం. దాటితే పోటీలో 3 పాయింట్లు. ఛాతీ మీద ఎక్కి కూర్చుంటే 4, వెనక చేరి కాళ్ళతో నడుముని పెనవేస్తే 4. కిందివాడు తిరగేసి పైకొస్తే 2. పాయింట్లు ఎన్ని పోయినా సరే, ఎదుటివాడు లొంగిపోతే ఆట అక్కడితో సరి.

బక్కపలచని పిల్లలకీ ఆడపిల్లలకీ ఈ విద్య పనికొస్తుందని చెప్పడానికి ఆధారం ఈ గార్డే. గొడవలో పెద్దవాడు చిన్నవాడిని కింద పడేయడమే ఎక్కువగా జరుగుతుంది. కింద పడ్డాక ఏం చేయాలో తెలిసినవాడికి కంగారు తక్కువ. అయితే బరువు, బలం లెక్కలోకి రావని ఎవరైనా చెబితే నమ్మకండి. పోటీల్లో బరువు తరగతులు ఊరికే పెట్టలేదు.

ఒక్క రోజు పాఠం

గంట, గంటన్నర క్లాసులో ముందు ఒళ్ళు కదిలించే వ్యాయామం ఉంటుంది. ఇందులో రెండు కదలికలు రోజూ చేయిస్తారు. వెల్లకిలా పడుకుని నడుము పైకెత్తి వంతెనలా వంచడం ఒకటి. రొయ్యలా ముడుచుకుని పిరుదుల్ని పక్కకి జరుపుకుంటూ వెనక్కి పోవడం రెండోది. దానికి ఇంగ్లీషులోనూ ష్రింప్ అనే పేరు. రొయ్యల చెరువుల మధ్య పెరిగిన పిల్లలకి విడమరచి చెప్పనక్కర్లేదు. పైనున్న బరువు కింది నుంచి తప్పుకోవడానికి ఈ రెండే పునాది. కొత్త పిల్లలు విసుక్కునేదీ వీటినే.

తర్వాత ఉస్తాద్ ఆ రోజు పట్టు చూపిస్తాడు. చేయి ఎక్కడ, మోచేయి ఎటు, బరువు ఏ మోకాలి మీద అన్నది విడివిడిగా చెబుతాడు. పిల్లలు జతలుగా చేరి ఎదురు లేకుండా పదేసి సార్లు చేస్తారు. ఇక్కడితో ఆపేసి ఇంటికి పంపితే అది సగం చదువే. బాగా నేర్పే చోట వెంటనే చిన్న పెనుగులాట పెడతారు: "నువ్వు పైన, వాడు కింద. నువ్వు అక్కడే ఉండాలి, వాడు తప్పించుకోవాలి. రెండు నిమిషాలు." ఆ ఒక్క స్థితి నుంచే మొదలు, గెలుపోటములు తేలగానే మళ్ళీ అక్కడినుంచే. చివర్లో అన్నీ కలిపి స్వేచ్ఛగా ఆడనిస్తారు. దాన్నే రోలింగ్ అంటారు.

డెల్టా పిల్లలు కాలువలో ఈత నేర్చుకునేదీ ఇలాగే. ఒడ్డున నిలబడి చేతులు ఆడించమని ఎవరూ అనరు. అలాగని మొదటి రోజే నడి కాలువలోకి తోసేయరు. నడుముకి ఎండు సొరకాయ కట్టో, అరటి బోదె పట్టుకోనిచ్చో లోతు తక్కువ చోట దింపుతారు. నీళ్ళు నిజమైనవే, లోతు మాత్రం అదుపులో ఉంటుంది. కొందరు కోచ్‌లు ఈమధ్య ఇంకో అడుగు ముందుకెళ్ళి, ఎదురు లేని సాధన దండగ, మొదటి నుంచీ చిన్న చిన్న ఆటలతోనే నేర్పాలంటున్నారు. వాదన ఇంకా తెగలేదు. చిన్నపిల్లల విషయంలో మాత్రం ఆటల పద్ధతే మేలనిపిస్తుంది. ఏడేళ్ళ పిల్లవాడు పది నిమిషాలు కదలకుండా కూర్చుని పట్టు గురించి ఉపన్యాసం వింటాడా?

ఇంట్లో హిఫ్జ్ చదివే పిల్లలుంటే ఈ నడక ఇట్టే అర్థమవుతుంది. అక్కడ రోజూ కొత్త సబఖ్ ఉంటుంది, ఈమధ్య చదివిన సబఖీ ఉంటుంది, పాతది మరిచిపోకుండా మంజిల్ ఉంటుంది. కొత్త పాఠం ఎంత బాగా వచ్చినా మంజిల్ తడబడితే ఉస్తాద్ ముందుకి పోనివ్వరు. పైగా ఒంటరిగా చదువుకుంటే అంతా వచ్చినట్టే ఉంటుంది. ఉస్తాద్ ఎదుట కూర్చుని వినిపించినప్పుడే ఎక్కడ ఆగిపోతున్నామో బయటపడుతుంది. ఒకటి దీన్ చదువు, ఒకటి ఆట, రెండింటికీ పోలిక లేదు. నేర్పే క్రమం మాత్రం దగ్గరగా ఉంటుంది. జియు-జిట్సులో ఎదుట కూర్చుని వినేది మరో పిల్లవాడు. వాడు ఒప్పుకోడు, లాగుతాడు, తోస్తాడు. పట్టు నిజంగా వచ్చిందో లేదో వాడి ఒళ్ళే చెబుతుంది.

తట్టడం నేర్చుకోవడం

ఈ విద్యలో అన్నిటికంటే ముందు నేర్పాల్సినది పట్టు కాదు, తట్టడం. చేయి బిగుసుకున్నా, మెడ మీద ఒత్తిడి పడినా ఎదుటివాడి ఒంటి మీద గానీ మ్యాట్ మీద గానీ రెండుసార్లు తట్టాలి. చేతులు ఆడకపోతే నోటితో చెప్పాలి. ఆ క్షణమే వదిలేయాలి. ఇద్దరూ చేతులు కలుపుకుని మళ్ళీ మొదలు పెడతారు.

చెప్పినంత తేలిక కాదు. 1951లో రియోలోని మరకానా స్టేడియంలో ఎలియో గ్రేసీ చేతిని జపాన్ జూడో యోధుడు మసాహికో కిమురా వెనక్కి మెలిపెట్టాడు. చేయి విరుగుతున్నా ఎలియో తట్టలేదు. చివరికి అతని పక్షంవాళ్ళే పోటీ ఆపించారు. ఆ పట్టుకి ఇప్పుడు కిమురా అనే పేరు. 1976 డిసెంబరులో కరాచీలో గామా తమ్ముడి కొడుకు అక్రమ్ పహిల్వాన్, జపాన్‌కి చెందిన ఆంటోనియో ఇనోకీతో తలపడినప్పుడూ అదే పట్టు పడింది. అక్రమ్ కూడా లొంగలేదు, చేయి పాడు చేసుకున్నాడు. వేలమంది చూస్తుండగా ఖాన్‌దాన్ పరువు భుజాల మీద మోస్తున్న మనిషి ఎందుకు తట్టలేకపోయాడో అర్థం చేసుకోవచ్చు. మంగళవారం సాయంత్రం క్లాసులో పన్నెండేళ్ళ పిల్లవాడికి ఆ అవసరం లేదు. తట్టినవాడు అయిదు సెకన్లలో మళ్ళీ ఆడతాడు. తట్టనివాడు ఆరు వారాలు చేతికి కట్టుతో బడికెళ్తాడు.

ఇళ్ళల్లో "ఎవడి చేతిలోనైనా ఓడిపోయావా?" అని అడగడం అలవాటు. ఆ ప్రశ్న విన్న పిల్లవాడు మర్నాడు తట్టడానికి సిగ్గుపడతాడు. నేర్చుకునే మొదటి ఏడాదంతా రోజుకి పదిసార్లు ఓడిపోవడమే. అది చదువులో భాగం.

మెడ పట్ల గురించి విడిగా చెప్పుకోవాలి. మెడకి రెండు పక్కలా ఉన్న రక్తనాళాలు నొక్కుకుంటే కొన్ని సెకన్లలోనే స్పృహ తప్పుతుంది. మడమని మెలిపెట్టే పట్టులో నొప్పి తెలిసేలోపే మోకాలి లోపల తెగిపోవచ్చు. అందుకే జాకెట్ వేసుకుని ఆడే పోటీల్లో ఆ మడమ పట్టు పెద్దలకీ నిషేధమే. పిల్లల పోటీల్లో కాళ్ళ పట్లు అసలు ఉండవు. యూట్యూబ్ చూసి డాబా మీద పరుపు పరుచుకుని అన్నదమ్ములు ఇవన్నీ ప్రయత్నిస్తుంటే ఇంటివాళ్ళు వెంటనే ఆపించాలి.

రంగుల లెక్క

పెద్దలకి అయిదు రంగులు: తెలుపు, నీలం, ఊదా, గోధుమ, నలుపు. పదహారేళ్ళు నిండకుండా నీలం ఇవ్వరు. అంతకంటే చిన్నవాళ్ళకి తెలుపు తర్వాత బూడిద, పసుపు, నారింజ, ఆకుపచ్చ. ఒక్కో బెల్టు మీద తెల్ల పట్టీలు అంటించుకుంటూ వెళ్తారు. అవి పిల్లలకి ఊరట.

పెద్ద పోటీలు నడిపే అంతర్జాతీయ సమాఖ్య సాధారణ నియమం ప్రకారం నీలంలో కనీసం రెండేళ్ళు, ఊదాలో ఏడాదిన్నర, గోధుమలో ఏడాది ఉండాలి. నలుపుకి పంతొమ్మిదేళ్ళ వయసు రావాలి. ఇవి కనీసపు గడువులు. మామూలుగా వారానికి మూడు రోజులు వెళ్ళేవాళ్ళకి తెలుపు నుంచి నలుపుకి పదేళ్ళు పట్టడం మామూలే. ఎక్కువ చోట్ల పరీక్ష తేదీ అంటూ ఉండదు. ఉస్తాద్ నెలల తరబడి చూస్తుంటాడు, ఒకరోజు క్లాసు చివర పిలిచి కడతాడు.

ఏ రంగులో ఏం రావాలన్నది ఒక్కో బడిలో ఒక్కోలా ఉంటుంది గానీ మోటుగా ఇలా చెప్పుకోవచ్చు. తెలుపు బెల్టువాడి పని బతికి బయటపడటం: కింద ఇరుక్కున్నా ఊపిరి ఆడనిచ్చుకోవడం, చేతులు దగ్గర పెట్టుకోవడం, తప్పించుకోవడం. నీలానికి వచ్చేసరికి ఎక్కడ ఇరుక్కున్నా ఒక జవాబు ఉంటుంది. ఊదాలో జవాబులు ఒకదానికొకటి ముడిపడతాయి. ఒకటి ఆపితే అదే కదలికలోంచి రెండోది పుడుతుంది. తన ఒంటికి సరిపోయే ఆట ఏదో వాడికి తెలిసిపోతుంది. గోధుమలో కొత్తవి తగ్గి ఉన్నవి పదునెక్కుతాయి. నలుపు వచ్చినవాళ్ళలో చాలామంది అప్పుడే మొదలుపెట్టినట్టుందంటారు. అది వినయం కోసం అనే మాటని కొట్టిపారేయనక్కర్లేదు.

బెల్టు ఇచ్చినవాడికి బెల్టు ఎవరిచ్చారు, ఆయనకి ఎవరిచ్చారు అని అడిగితే ఈ రంగంలో ఎవరూ తప్పుగా అనుకోరు. సిల్సిలా చెప్పగలగాలి. చెప్పకుండా దాటేస్తే ఆలోచించాలి.

కరాటేని తక్కువ చేయడానికి చెబుతున్నది కాదు. ఓపిగ్గా, నిజాయితీగా నేర్పే కరాటే మాస్టర్లు చిన్న ఊళ్ళలోనూ ఉన్నారు. మూణ్ణెల్లకోసారి గ్రేడింగ్ ఫీజు కట్టించుకుని, కట్టిన ప్రతి పిల్లవాడికీ కొత్త రంగు ఇచ్చే చోట్లు కూడా ఉన్నాయి. రేపు జియు-జిట్సు బోర్డు పెట్టినవాళ్ళు అదే పని చేయరన్న భరోసా ఏమీ లేదు. పిల్లవాడికి రంగు మారుతుంది, చేతనైందన్న నమ్మకం పెరుగుతుంది, చేత మాత్రం కాదు. గొడవలో తేలేది ఆ తేడానే.

ఇంట్లో వచ్చే ప్రశ్నలు

అమ్మాయిల సంగతేమిటన్నది మొదటి ప్రశ్న. ఇది ఒళ్ళూ ఒళ్ళూ తగిలే ఆట. అబ్బాయిలతో కలిపి పెట్టే క్లాసు చాలా ఇళ్ళకి కుదరదు. విడిగా సమయం, నేర్పే ఆడ ఉస్తాద్, జత కట్టడానికి తగిన అమ్మాయిలు, ఈ మూడూ ఉన్నాయా అని ముందే అడగాలి. ఎమిరేట్స్‌లో అమ్మాయిల పోటీలు విడిగా, జోరుగా జరుగుతున్నాయి. బట్టల విషయంలో ఇబ్బంది తక్కువే: దళసరి జాకెట్, పాదాల దాకా ప్యాంటు. సూదులు, గట్టి ముక్కలు లేకుండా తలకి అతుక్కుని ఉండే కవచాన్ని అంతర్జాతీయ సమాఖ్య ఆడవాళ్ళకి అనుమతిస్తోంది. 2012 లండన్ ఒలింపిక్స్‌లో సౌదీ జూడో అమ్మాయి వుజ్దాన్ షహర్ఖానీ తల కప్పుకోవడం మీద ముందు అభ్యంతరం వచ్చింది. గుడ్డ మెడకి చుట్టుకుంటుందేమోనన్న భయం. చివరికి బిగుతు టోపీలాంటిదానితో ఒప్పుకున్నారు.

వంగి నమస్కరించడం రెండో ప్రశ్న. జపాన్ నుంచి వచ్చిన మర్యాద అది. చాలా చోట్ల చేయి కలిపి, పిడికిలి తాకించి మొదలుపెడతారు. ఇష్టం లేదని ముందే చెబితే ఒప్పుకోని ఉస్తాద్‌లు అరుదు.

మూడోదాన్ని ఎవరూ అడగరు, అడగాల్సింది అదే: మ్యాట్ ఎప్పుడు కడుగుతారు? మన డెల్టా ఉక్కపోతలో చెమట మ్యాట్ మీద తామర ఒకరినుంచి అందరికీ పాకుతుంది. రోజూ తుడవాలి, జాకెట్ ఏ రోజుది ఆ రోజు ఉతకాలి, గోళ్ళు కత్తిరించాలి, పుండున్న పిల్లవాడిని ఆ రోజు కూర్చోబెట్టాలి.

దగ్గరలో జియు-జిట్సు దొరక్కపోతే పిల్లవాడు ఖాళీగా కూర్చోనక్కర్లేదు. జూడో దీనికి సొంత అన్న. బడి ఆటల్లో, ఒలింపిక్స్‌లో ఉంది, పడటం ఎలాగో బాగా నేర్పుతుంది. కుస్తీ ఉంది. కృష్ణా జిల్లా పిల్లలకి కబడ్డీ ఎలాగూ ఉంది. ఒప్పుకోని మనిషిని పట్టి ఆపడం అందులోనూ రోజూ జరిగేదే. ఉయ్యూరు నుంచి విజయవాడ బస్సు ప్రయాణమే గానీ వారానికి మూడు సాయంత్రాలు, మగ్రిబ్ దాటాక తిరుగు ప్రయాణం అంటే ఇంటిల్లిపాదీ ఆలోచించుకోవాలి.

ఎక్కడ చేర్చినా ముందు ఒక క్లాసు పూర్తిగా కూర్చుని చూడండి. పిల్లలు ఒకరితో ఒకరు నిజంగా ఎంతసేపు పెనుగులాడుతున్నారు? బరువైనవాడితో బక్కవాడిని జత చేస్తే ఉస్తాద్ పక్కనే ఉంటున్నాడా? ఎవరైనా తట్టినప్పుడు వదలడానికి ఒక్క క్షణం ఆలస్యమైతే ఆట ఆపి మందలిస్తున్నాడా, చూసీ చూడనట్టు పోతున్నాడా? చేర్చాక, ఇంటికి వచ్చిన పిల్లవాడిని గెలిచావా అని కాకుండా ఇవాళ ఎన్నిసార్లు తట్టావని అడగండి. ఒక్కసారీ లేదంటే ఆ రోజు క్లాసులో వ్యాయామమే జరిగిందేమో కనుక్కోవాలి. ఏడెనిమిదిసార్లని నవ్వుతూ చెబితే అన్నం పెట్టండి, బాగా ఆకలితో ఉంటాడు.